మూడో పాటలో రెండో గొంతు

రిపేరు షాపు, పై గది
జూన్ 4

అక్కా,

బాగున్నావా అని అడగడం తర్వాత. ముందు ఈ రెండు వాక్యాలు చదువు. "మూడో పాటను మా బృందం శ్రద్ధగా విన్నది. అందులో ప్రధాన గాయకుడిది తప్ప మరో గొంతు ఏదీ లేదు." కంపెనీ నాకు రాసిన జవాబు ఇది. కింద సంతకం, సంతకం కింద హోదా, ఆ హోదా కింద ఇంకో హోదా.

మొదట్నుంచీ చెప్తాను. 'ఇనుప గొడుగు' ఆల్బమ్ వచ్చి ముప్పై ఏళ్ళయిందని కంపెనీకి ఉన్నట్టుండి గుర్తొచ్చింది. ఏడాది చివర్లో మళ్ళీ విడుదల చేస్తున్నారు. లోపల ఒక చిన్న పుస్తకం పెడతారట. ఆ రాక్ బృందంలోని నలుగురి పేర్లే కాకుండా, రికార్డింగు జరిగిన ఆ మూడు వారాలూ స్టూడియోలో ఎవరెవరు ఏ పని చేశారో అన్నీ వేస్తారట. అప్పట్లో శబ్ద సహాయకుణ్ణి కదా, జాబితా నాకూ పంపారు. చూశాను. డ్రమ్ములు మోసిన మనిషి పేరుంది, టీ తెచ్చిన మనిషి పేరుంది. ఉండాల్సిందే. వాళ్ళు లేకపోతే ఆ నలుగురు మహానుభావులూ ఒక్క పూట కూడా నిలబడేవాళ్ళు కాదు. అభిమానులు సింహం అని పిలుచుకునే ఆ ప్రధాన గాయకుడి పేరు పదకొండు చోట్ల ఉంది. నీ పేరు ఒక్క చోటా లేదు.

మూడో పాటలో గిటార్లు ఆగిపోయాక సింహం వెనకాల లేచే గొంతు నీది. ఫ్యాక్టరీలో షిఫ్టు దిగి, యూనిఫారం మీదే వచ్చి, ఒక సాయంత్రం పాడి వెళ్ళావు. నేను పక్కనే ఉన్నాను. ఆ పేరు చేర్చండని రాశాను. దానికి వచ్చిన జవాబే పైన చదివావు.

ఊరుకుంటానా. ఫోన్ చేశాను. "ఎక్కడ విన్నారు బాబూ" అన్నాను. "ఆఫీసుకొస్తూ కార్లో విన్నానండి, ఫోన్లో ఉందిగా" అన్నాడు. శ్రద్ధగా వినడమంటే అదీ.

ఫోన్లో ఉన్నదేమిటో నీకు చెప్పాలి. మేం టేపు మీదికి ఎక్కించిన పాట కాదది. దాన్ని కుదించడానికి ఒక యంత్రం కూర్చుని, ఇది మనిషి చెవికి అందదు, ఇది అందినా పట్టించుకోరు, ఇది పక్కనున్న పెద్ద చప్పుడు కింద ఎలాగూ మునుగుతుంది అని ఒక్కొక్కటీ ఏరి పారేస్తుంది. పది వంతుల్లో తొమ్మిది అలా పోతాయి. మిగిలిన ఒక వంతును పట్టుకుని మనం పాట విన్నాం అనుకుంటాం. ఎవరి చెవికి అందదు? ఎవర్ని అడిగి తేల్చారు? పెద్ద చప్పుడు పక్కన పుట్టడమేనా చిన్న గొంతు చేసిన నేరం? ఉన్నదాన్ని ఉన్నట్టు, చిటికెడు కూడా పారెయ్యకుండా దాచే పద్ధతి ఒకటుంది, లాస్‌లెస్ అంటారు. కాస్త చోటెక్కువ తింటుంది, అంతే. ఆ మాట ఎత్తితే "తేడా ఎవరికి తెలుస్తుందండీ" అని నవ్వుతారు. లోకంలో ఎన్ని దుర్మార్గాలు ఆ ఒక్క నవ్వు మీద బతికేస్తున్నాయో లెక్క లేదు.

పుస్తకం అక్టోబరు చివర్లో అచ్చుకు పోతుంది. ఈలోపు నీ సంతకంతో రెండు వాక్యాలు కావాలి. ఆ గొంతు నాదే, ఆ సాయంత్రం పాడాను, అని. మిగతా పోట్లాట నాకొదిలెయ్.

తమ్ముడు


ఫ్యాక్టరీ క్వార్టర్స్, రెండో వరస
జూన్ 19

ఒరేయ్ తమ్ముడూ,

బాగానే ఉన్నాను. నువ్వు అడగలేదు గానీ చెప్తున్నాను.

సంతకం పెట్టను.

నీకు పోట్లాట కావాలంటే ఇంకెక్కడన్నా చూసుకో. నెలనెలా పత్రికలో నీ కాలమ్‌లో ఎవణ్ణో ఒకణ్ణి ఉతికి ఆరేస్తూనే ఉంటావుగా, ఈ నెల ఇంకొకణ్ణి ఉతుకు. కంపెనీవాడు లేదన్నాడంటే లేదు. వాడికి అబద్ధమాడితే ఒరిగేదేముంది? నా పేరు ఎక్కడా వెయ్యక్కర్లేదు. నన్ను కదపకు.

ఇక్కడ సీసాల లైను వేగం మళ్ళీ పెంచారు. వెలుగు బల్ల ముందు కూర్చుంటే నిమిషానికి తొంభై సీసాలు కళ్ళ ముందు నుంచి పోతాయి. పగుళ్ళున్నవి ఏరాలి. ఇంకా పద్నాలుగు నెలల సర్వీసుంది. ఆ తర్వాత ఎవరి సీసాలు వాళ్ళే చూసుకుంటారు.

ఫోన్ చెయ్యకు. చేసినా ఎత్తను. నీకు రాయడమంటే సరదాయేగా, రాయి.

అక్క


రిపేరు షాపు, పై గది
జూలై 2

అక్కా,

కంపెనీవాడు లేదన్నాడంటే లేదు, అని నువ్వేనా రాసింది? క్యాంటీన్లో నీళ్ళ గ్లాసులు మురికిగా ఉన్నాయని మేనేజరు బల్ల మీద ఆరు గ్లాసులు వరసగా పెట్టి వచ్చిన మనిషివి నువ్వు. ఇప్పుడు కార్లో పోతూ పాట విన్నవాడి మాట వేదమైందా?

ఇంకోసారి విను. నువ్వేం పాడావో నువ్వే మర్చిపోయినట్టున్నావు. రెండు చరణాల దాకా సింహం అరుస్తాడు. అరుపు తప్ప ఆ గొంతులో ఏముందో నాకు ఇప్పటికీ అంతుపట్టదు. లక్షల మంది ఆ అరుపుకే ఊగిపోతారు, ఊగనీ. అప్పుడు గిటార్లు రెండూ ఒక్కసారిగా ఆగుతాయి. డ్రమ్ము ఒక్కటే నడుస్తుంది. అక్కడ, మాటల్లేకుండా, సాగదీసిన ఒక్క రాగం వస్తుంది. సింహం ముందు నుంచుని పాడుతుంటే ఆ రాగం గదికి రెండు గోడల దగ్గరా నిలబడి వాణ్ణి చూస్తున్నట్టుంటుంది. ఆ ఆల్బమ్ మొత్తంలో ఒక మనిషి ఉన్నట్టు అనిపించేది ఆ అర నిమిషమే. అది వినకుండా 'ఇనుప గొడుగు' విన్నానన్నవాడు గొడుగు కింద నిలబడి వాన చూశానన్న బాపతు.

అయితే జనం వినేదెలా? నా షాపుకొస్తారుగా, చూస్తూనే ఉన్నాను. ఒక చెవిలో బుడిపె, ఇంకో చెవి లోకానికి. ఫోను బోర్లా పెట్టి గిన్నెలో పడేస్తే శబ్దం పెరుగుతుందని ఒకావిడ. రేకు డబ్బా అంత స్పీకరు ఒకటి భుజాన వేసుకుని తిరిగేవాడొకడు. వీళ్ళకి పాట అక్కర్లేదు, పక్కన ఏదో ఒకటి మోగుతుంటే చాలు. వీళ్ళకి లాస్‌లెస్ గురించి చెప్పడం చెవిటివాడి ముందు శంఖం ఊదడమే. ఏం కొరుకుతున్నావు, చెరుకుగడా, అని అడుగుతారు. కంపెనీ కూడా వీళ్ళని చూసే ధైర్యంగా పాటను చెక్కి చెత్తబుట్టలో వేస్తోంది.

నువ్వూ ఆ బాపతులో చేరకు. రెండు వాక్యాలు. సంతకం. పోస్టు చెయ్.

తమ్ముడు


ఫ్యాక్టరీ క్వార్టర్స్, రెండో వరస
జూలై 20

తమ్ముడూ,

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. చదవడానికి చెవులక్కర్లేదు కాబట్టి చదవగలిగాను.

ముప్పై ఏళ్ళకి పైగా సీసాలు ఒకదానికొకటి కొట్టుకునే హాల్లో కూర్చున్నాను. మొన్న చలికాలంలో ఫ్యాక్టరీ డాక్టరు చెవులు పరీక్ష చేశాడు. సన్నటి శబ్దాలు రెండు చెవుల్లోనూ పోయాయట. మనుషులు ఎదురుగా ఉంటే పెదాలు చూసి పట్టుకుంటాను. ఫోన్లో 'పద' అన్నారో 'కథ' అన్నారో తెలియదు. అందుకే ఎత్తనన్నాను. ఎవరికీ చెప్పలేదు. చెప్తే బల్ల మీంచి లేపి గోదాములో వేస్తారు. నీ శంఖం ముందున్న చెవిటిది నేనేరా. చెరుకుగడ బాగుంది.

ఇంకా విను. ఆ ఆల్బమ్ వచ్చిన వారంలో క్యాంటీన్లో రేడియో మోగుతోంది. తినే బల్ల దగ్గర పన్నెండు మందిమి. "మూడో పాట వేస్తున్నారు, అందులో నేనొస్తాను" అని చెప్పాను. అడక్కుండా నేనే చెప్పాను. అందరూ తినడం ఆపారు. వడ్డించే ఆవిడ కూడా గరిటె పట్టుకుని నిలబడింది. గిటార్లు ఆగాయి. ఇదిగో ఇప్పుడు, అని వేలు ఎత్తాను. ఎత్తిన వేలు అలాగే ఉంది. ఏమీ రాలేదు. డ్రమ్ము, సింహం, అంతే. పాట అయిపోయింది. ఒకామె మెల్లిగా, "పాపం, లోపల్లోపల పాడిందేమో" అంది. బల్లంతా నవ్వు. ఆ రోజు నుంచి నా పేరు మూగపాట. ఆ బల్ల దగ్గరున్నవాళ్ళు రిటైరైపోయినా పేరు మాత్రం డ్యూటీలోనే ఉంది. కొత్తగా చేరినవాళ్ళు అదే నా అసలు పేరనుకుంటారు, ఎందుకో కూడా తెలియదు.

అప్పుడే అర్థమైంది. సింహానికి పక్కన ఇంకో గొంతు ఉండటం ఇష్టం ఉండదని నువ్వే చెప్పేవాడివి. వాడు తీసెయ్యమన్నాడు. నువ్వు తీసేశావు. అక్కే కదా, ఏమంటుందిలే అనుకున్నావు. నువ్వు పంపిన క్యాసెట్టుకి కట్టు కూడా విప్పలేదు. ఇప్పుడు ముప్పై ఏళ్ళయ్యాక మనసు పీకి, కంపెనీ మీద తోసి, యంత్రం మీద తోసి, కార్లో పోయేవాడి మీద తోసి, నాచేత సంతకం పెట్టించి శుభ్రం అవుదామనుకుంటున్నావు.

శ్రమజీవుల గురించి కాలమ్ నిండా రాస్తావు. శ్రమజీవి పాట వినేది ఏ డబ్బాలోనో ఎప్పుడైనా చూశావా? మా క్యాంటీన్లో ఉన్నది ఒకే ఒక్క స్పీకరు, నీ రేకు డబ్బాయే. మాకు గోడకొకటి లేవు.

ఆ తర్వాత నేనెక్కడా పాడలేదు. స్నానాల గదిలో కూడా.

అక్క


రిపేరు షాపు, పై గది
జూలై 29

అక్కా,

నేను తియ్యలేదు.

సింహం అడిగిన మాట నిజం. "ఆవిడెవరు, నా పాటలో" అన్నాడు. నువ్వు మైకు ముందు నుంచుంటే నీ పాట, ఆవిడ నుంచుంటే ఆవిడ పాట, అని చెప్పాను. ఇరవై మూడేళ్ళ వయసు వాగుడు. వారం రోజులు నాతో మాట్లాడలేదు వాడు. నీ గొంతు మాత్రం నేను ముట్టుకోలేదు. స్టూడియోలో రెండు పెద్ద స్పీకర్ల ముందు కూర్చుని వంద సార్లు విన్నాను. వంద సార్లూ ఉన్నావు.

చెవుల సంగతి నాకు ముందే చెప్పాల్సింది. చెప్తే ఆ వాక్యం రాసేవాణ్ణి కాను అని రాయబోయి ఆగిపోయాను. నీకు కాకపోతే ఇంకొకరికి రాసేవాణ్ణే.

మాటలతో నిన్ను నమ్మించలేను. అసలు టేపు కంపెనీ టేపుల గదిలో ఉంది. తీయించి వింటాను. రానివ్వకపోతే గుమ్మం దగ్గరే కూర్చుంటాను.

తమ్ముడు


టేపుల గది, కంపెనీ పాత భవనం
ఆగస్టు 23

అక్కా,

గుమ్మం దగ్గర కూర్చోవాల్సిన అవసరం రాలేదు. టేపుల గదిని చూసుకునే ఆవిడ నా కాలమ్ చదువుతుందట. "మీరేనా, అందర్నీ తిట్టేది" అని లోపలికి రానిచ్చింది. ఇక్కడే, ఆవిడ బల్ల మీదే కూర్చుని రాస్తున్నాను, ఇంటికెళ్ళేసరికి నా తరఫున నేనే వకాల్తా పుచ్చుకుంటానేమోనని భయంగా ఉంది.

టేపు బాగానే ఉంది. యంత్రానికెక్కించి, ఒక్క రవ్వ కూడా పోకుండా లాస్‌లెస్‌గా నకలు తీశాం. రెండు స్పీకర్లలో పెట్టాం. గిటార్లు ఆగాయి. నువ్వొచ్చావు, రెండు గోడల దగ్గరా. నేను గెలిచినట్టు ఆవిడ వైపు చూశాను. ఆవిడ మొహంలో ఏ మార్పూ లేదు. "ఇందులో కూడా పెడతానుండండి" అని ఒకే స్పీకరున్న చిన్న డబ్బా ముందుకి జరిపింది. నవ్వాను. "ఆ డబ్బాలో విని ఏం తేలుస్తారండీ" అన్నాను. "మా గదిలో అలవాటు. ప్రతి టేపూ డబ్బాలో వినందే మూత పెట్టం" అంది.

పెట్టింది. అదే టేపు, అదే లాస్‌లెస్ నకలు. గిటార్లు ఆగాయి. డ్రమ్ము, సింహం. నువ్వు లేవు.

సన్నగా కూడా లేవు, అక్కా. బొత్తిగా లేవు.

ఎందుకో తెలియడానికి గంట పట్టింది. తెలియకపోయినా బాగుండేది. నీ గొంతు రెండు వైపుల నుంచీ రావాలని మైకు నుంచి రెండు తీగలు లాగాను. అందులో ఒకటి ఆ మధ్యాహ్నం నేనే హడావుడిగా అతికాను. ఎర్ర తీగ ఉండాల్సిన చోట తెల్లది, తెల్లది ఉండాల్సిన చోట ఎర్రది. అంటే నీ గొంతు ఒక వైపు ముందుకు తోస్తుంటే, ఇంకో వైపు సరిగ్గా అంతే బలంతో వెనక్కి లాగుతోంది. రెండు స్పీకర్లు దూరంగా ఉంటే ఆ తోపు, ఈ లాగుడు గదిలో చెరో పక్క ఉంటాయి. అందుకే గోడల దగ్గర నిలబడ్డట్టు అనిపించేది. దాన్ని నా ప్రతిభ అనుకున్నాను. రెంటినీ ఒకే స్పీకరులో కలిపితే ఒకే తలుపును ఇద్దరు చెరో వైపు నుంచి నెట్టినట్టే. తలుపు కదలదు. తోపు, లాగుడు ఒకదాన్నొకటి తినేసి సున్నా మిగులుతుంది. సింహం మధ్యలో తిన్నగా ఉన్నాడు, వాడికేం కాలేదు. వాళ్ళకెప్పుడూ ఏమీ కాదు.

కంపెనీ చిన్న ఫైలు చేసేటప్పుడు మొట్టమొదట చేసే పని రెండు వైపుల్నీ కలిపి ఒకటి చెయ్యడం, సగం చోటు కలిసొస్తుందని. కలపగానే నువ్వు పోయావు. యంత్రం నిన్ను ఏరి పారెయ్యనక్కర్లేకపోయింది. దాని పని నేను ముందే చేసిపెట్టాను.

స్టూడియోలో పెద్దాయన ఒకాయన ఉండేవాడు, నాకు పని నేర్పినవాడు. ప్రతి పాటా ముగించాక ఒకసారి డబ్బాలో వినాలని ఆయన నియమం. డబ్బా పరీక్ష అనేవాళ్ళం. మూడో పాట శబ్దాలన్నీ కలిపే రోజు ఆయనకి జ్వరం. "అయ్యాక డబ్బాలో విను" అని చెప్పి వెళ్ళాడు. నేను వినలేదు. మర్చిపోయి కాదు. "డబ్బాలో వినేవాళ్ళ కోసం నేను పని చెయ్యను" అని అందరి ముందూ అన్నాను. గొప్ప మాట అన్నాననుకున్నాను. మీ క్యాంటీన్ బల్ల దగ్గర పన్నెండు మంది తినడం ఆపింది ఆ మాట వినడానికి.

ఇంకొకటి. టేపుల ఆవిడే చేసి చూపించింది. లాస్‌లెస్ నకల్లో ఒక వైపు తీగను ఇప్పుడు తిరగేసి, అప్పుడు రెంటినీ కలిపింది. ఈసారి తోపూ తోపూ కలిశాయి నీకు. మధ్యలో ఉన్నవాళ్ళకి తిరగబడింది. డ్రమ్ము పోయింది. సింహం పోయాడు, లక్షల మందిని ఊపిన ఆ అరుపు మొత్తం. ఆ గదిలో నువ్వొక్కదానివే మిగిలి పాడావు, చివర్లో ఊపిరి తీసుకోవడంతో సహా. ఇదే పని కంపెనీ చిన్న ఫైలుతో చేసి చూశాం. రెండు వైపులూ ముందే ఒకటైపోయాయిగా, పాట మొత్తం పోయి నిశ్శబ్దం మిగిలింది.

ఆవిడ డబ్బా యథాస్థానంలో పెడుతూ, "ఈ నెల కాలమ్‌లో ఎవర్ని తిడతారు?" అని అడిగింది.

తమ్ముడు


ఫ్యాక్టరీ క్వార్టర్స్, రెండో వరస
సెప్టెంబరు 5

ఒరేయ్,

అంటే సింహం కాదు, కంపెనీ కాదు, యంత్రం కాదు. నువ్వు.

చదివి నవ్వొచ్చింది. ఇంట్లో ఒక్కదాన్నే నవ్వుతుంటే పక్కింటావిడ గోడ మీంచి చూసింది. ముప్పై ఏళ్ళు నిన్ను దొంగవనుకున్నాను. దొంగవి కాదు, తలపొగరుగల చవటవి. దొంగకైతే కాస్త తెలివుంటుంది.

కోపం పోయిందనుకోకు. తీసేశాడు అనుకున్నప్పుడు నేనొక మనిషినే, నన్ను చూసి ఎవడో భయపడ్డాడనైనా ఉండేది. ఇప్పుడు అదీ లేదు. మీ పెద్దాయన చెప్పిన పని ఒక్కటి చేసుంటే, మూడు నిమిషాల పని, నేను ఇంకో పాట పాడేదాన్నేమో. పాడకపోయేదాన్నేమో. అది తేల్చుకునే అవకాశం నాదిగా ఉండేది.

సంతకం పంపిస్తున్నాను, రెండు వాక్యాలూ ఉన్నాయి. కానీ ఒక షరతు. తీగ సంగతి కంపెనీకి నువ్వే రాయాలి, ఉన్నది ఉన్నట్టు. అందులో పెట్టుబడీ ప్రపంచమూ రాకూడదు. సింహాన్ని తిట్టకూడదు. డబ్బాలో వినేవాళ్ళని అసలు తిట్టకూడదు. ఒక్క పేజీ. నీకు ఒక్క పేజీ రాయడం వచ్చా?

ఆ నకలు నాకు పంపించు. నేను వింటాను. ఎంత వినబడితే అంత.

అక్క


రిపేరు షాపు, పై గది
సెప్టెంబరు 30

అక్కా,

ముప్పావు పేజీలోనే అయిపోయింది. తిట్లు తీసేస్తే నా దగ్గరున్న సరుకు అంతేనని తెలిసింది.

కాగితం పట్టుకుని కంపెనీకి వెళ్ళాను. కార్లో విన్నవాడే కూర్చున్నాడు, పక్కన వాళ్ళ శబ్ద ఇంజనీరు. మాటలు దండగని, నేరుగా నువ్వొక్కదానివే ఉన్న నకలు పెట్టాను. కార్లో విన్నవాడు, "ఇది మా పాటేనా అండీ" అన్నాడు. "మీరు శ్రద్ధగా విన్నదే" అన్నాను. అంతవరకే, నీ షరతు గుర్తొచ్చి నోరు మూసుకున్నాను. ఇంజనీరు మాత్రం మళ్ళీ పెట్టమంది, మళ్ళీ పెట్టమంది.

"పేరు వేస్తాం. కానీ ఇన్నాళ్ళూ మేం దాచిపెట్టామని జనం అనుకోకూడదు కదా. తప్పు ఎవరిదో పుస్తకంలో వెయ్యాలి, మీకు అభ్యంతరం లేకపోతే" అన్నాడు. నా కాగితం చూసి వాక్యం అప్పటికే సిద్ధం చేసుకున్నాడు. "ఈ గొంతు ఒకే స్పీకరులో వినబడకపోవడానికి కారణం అప్పటి శబ్ద సహాయకుడు తీగను తిరగేసి అతకడం, ఆపైన పరీక్షించకపోవడం." నా పేరుతో. ఈ దేశంలో నేను తిట్టిన ప్రతివాడూ ఆ పుస్తకం కొంటాడు, పాటల కోసం కాదు. సంతకం పెట్టాను. 'ఆపైన' బదులు 'అహంకారంతో' అని దిద్ది పెట్టాను. అక్కర్లేదన్నాడు. ఉంచమన్నాను.

కొత్త విడుదల పూర్తిగా లాస్‌లెస్‌లో ఇస్తారు. ఫోన్లలోకి వెళ్ళే చిన్న ఫైలులో కూడా నువ్వు పోకుండా, నీ తీగను తిన్నగా తిప్పి మళ్ళీ కలుపుతుందట ఆ ఇంజనీరు. మీ క్యాంటీన్ డబ్బాలోనూ వినబడతావు. అందుకు నీ అనుమతి లేకుండానే సరేనన్నాను, తిట్టుకో.

ఒక్కటి మాత్రం నిన్నడగాలి. రాగం రెండోసారి పైకెళ్ళే చోట శ్రుతి కాస్త కిందికి జారిందట. "ఇప్పుడు ఒంటరిగా వినబడుతుంది కాబట్టి తెలుస్తుంది, సరిచేసేస్తాను, ఐదు నిమిషాల పని" అంది. పాపం మంచి మనసుతోనే అడిగింది. నేను విన్నాను. జారిన మాట నిజమే. అప్పుడు నాకు తెలియలేదు, ఇప్పుడు తెలుస్తోంది. ఏం చెయ్యమంటావు?

రెండు చెవులకీ పెద్ద గిన్నెల్లా ఉండే హెడ్‌ఫోను, పాట వేసే చిన్న పెట్టె పార్సెల్ చేశాను. కుడి అని రాసింది కుడి చెవికే పెట్టుకో. తీగలన్నీ రెండుసార్లు చూశాను.

తమ్ముడు


ఫ్యాక్టరీ క్వార్టర్స్, రెండో వరస
అక్టోబరు 14

తమ్ముడూ,

పార్సెల్ అందింది. రెండు రోజులు విప్పలేదు. మూడో రోజు ఆదివారం, కిటికీ పక్కన స్టూలు వేసుకుని పెట్టుకున్నాను.

ముందు ఆల్బమ్‌లో ఉన్నట్టే విన్నాను. మాటలు సరిగా అందలేదు, సింహం ఏం అరుస్తున్నాడో నాకు ఎప్పుడూ తెలియదు, ఇప్పుడూ తెలియలేదు. గిటార్లు ఆగిన సంగతి తెలిసింది. అప్పుడు రెండు పక్కల నుంచీ ఎవరో వచ్చారు. నా గొంతు అని వెంటనే గుర్తుపట్టలేదు. ఎవరో అమ్మాయి, కాస్త పొగరుగా పాడుతోంది అనుకున్నాను. సన్నటి శబ్దాలు పోయాయి గానీ అది నడిమి శ్రుతి, బాగానే అందింది.

తర్వాత ఒంటరిగా ఉన్నది పెట్టాను. రెండోసారి పైకెళ్ళే చోట నాకు కూడా తెలిసింది. జారింది. ఆ రోజు ఎనిమిది గంటలు నిలబడి వచ్చాను, కాళ్ళు లాగుతున్నాయి, ఊపిరి చాల్లేదు. అక్కడ నాకేమైందో మొత్తం ఉంది అందులో.

సోమవారం పెట్టె ఫ్యాక్టరీకి తీసుకెళ్ళాను. మా బల్ల పక్కన లేబుళ్ళు అంటించే ఆమె ఉంది, ఎవర్నీ మెచ్చుకోదు, వాళ్ళమ్మాయి పెళ్ళి ఫోటోలు చూసి కూడా వెలుతురు బాగాలేదంది. ఆమె చెవులకి పెట్టాను. కళ్ళు మూసుకుని చివరిదాకా వింది. తీసి నా చేతిలో పెట్టి, "రెండోసారి కిందికి జారావు. మొదటిసారి బాగుంది" అంది. అని పనిలోకి వెళ్ళిపోయింది.

ముప్పై ఏళ్ళలో నా పాట విని ఒక మనిషి నా ఎదురుగా అన్న మొదటి మాట అది. లేని పాటని ఎవరూ తప్పు పట్టరు. మధ్యాహ్నం దాకా అదే తలుచుకుంటూ కూర్చున్నాను, రెండు పగుళ్ళ సీసాలు వదిలేశాను కూడా.

డబ్బాలో వినబడేలా చేస్తానన్నది మంచిదే, చెయ్యనీ. నీ 'అహంకారంతో' కూడా ఉండనీ, నిజమే కాబట్టి. కానీ ఆ ఇంజనీరమ్మాయికి నా మాటగా చెప్పు. ఉన్నది ఉన్నట్టు దాచడం అంటూ నువ్వు నాలుగు నెలలుగా నా ప్రాణం తీశావు. అలాగే దాచమను. పుస్తకం అచ్చుకు వెళ్ళేలోపే చెప్పు. ఆ శ్రుతి దిద్దితే నా పేరు తీసెయ్యమను.

అక్క